లుడివీన్ అత్త ఖాతా

మా మేనత్త లుడివీన్‌కి డెబ్భై నిండిన ఏడాది, దుంపల తవ్వకాల కాలంలో మా ఇంటి పద్ధతి మారిపోయింది. ఎవరూ గొంతు పెంచలేదు. ఎవరూ ఎవరితోనూ మాటలు మానేయలేదు. అందుకే ఊళ్లోవాళ్లకి చాలాకాలం ఆ సంగతి తెలియలేదు.

మాది నది ఒడ్డున బంగాళాదుంపల పొలం. ఇవతలి ఒడ్డు అమెరికా, అవతలి ఒడ్డు కెనడా. రెండు ఒడ్డుల మీదా మా చుట్టాలే, రెండు ఒడ్డుల మీదా ఇంట్లో మాట్లాడేది ఫ్రెంచే. సెప్టెంబరు చివర మా ఊరి బడి ఇప్పటికీ మూసేస్తారు, పిల్లలు కూడా పొలాల్లోకి వస్తారని. నేను ఆ బడిలోనే నాలుగో తరగతికి పాఠాలు చెప్తాను. విడాకులయ్యాక పుట్టింటికి వచ్చేశాను. అప్పటికి ఇంట్లో ముగ్గురం. మా నాన్న నార్మన్ డేగుల్, ఆయన చెల్లెలు లుడివీన్ అత్త, నేను. అమ్మ పోయి చాలా ఏళ్లయింది.

అత్త పెళ్లి చేసుకోలేదు. పదహారో ఏట దుంపల నుంచి గంజిపిండి తీసే ఫ్యాక్టరీలో చేరింది. అది మూతపడ్డాక దుంపల గోదాములో, కదులుతున్న పట్టా ముందు నిలబడి కుళ్లినవీ పగిలినవీ ఏరిపారేసే పని. జీతం మొదట్లో తాత చేతికి వెళ్లేది, తర్వాత నాన్న ఖాతాలోకి వెళ్లేది. ఇందులో ఎవరూ ఎవరినీ మోసం చేయలేదు. ఆ ఖాతాలోంచే విత్తనం కొన్నాం, అత్తకి పళ్లు కట్టించాం, నేను కాలేజీలో చదువుకున్నాను. అత్త అడిగితే నాన్న ఎప్పుడూ కాదనలేదు. కానీ అడగాలి.

ఆగస్టులో ఒక మధ్యాహ్నం అత్తా నేనూ వరండాలో కూర్చుని చిక్కుడుకాయలు ఒలుస్తున్నాం.

"కొలెట్, లైబ్రరీలో కంప్యూటర్లు ఎవరైనా వాడుకోవచ్చా?" అని అడిగింది.

"వాడుకోవచ్చు. ఎందుకు అత్తా? నా ల్యాప్‌టాప్ ఉందిగా."

"నీది వంటింటి బల్ల మీద ఉంటుంది. ఆ బల్ల దగ్గర మీ నాన్న ఉంటాడు."

గోదాములో అత్తతో పనిచేసిన వాళ్లందరూ ఎప్పటినుంచో, చేసిన జీతాన్ని బట్టి ప్రభుత్వం ఇచ్చే సోషల్ సెక్యూరిటీ పింఛను తెచ్చుకుంటున్నారు. అత్త ఆగింది. ఆగినకొద్దీ నెలనెలా వచ్చేది పెరుగుతుందనీ, డెబ్భై నిండాక ఇక పెరగదనీ ఎక్కడో విని మనసులో పెట్టుకుంది. ఇప్పుడు ప్రభుత్వం సైటులో సొంతంగా ఖాతా తెరుచుకుని, దరఖాస్తు పెట్టుకుని, పింఛను ఎక్కడికి రావాలో కూడా తనే చెప్పుకోవచ్చని పాలీన్ చెప్పిందట. పాలీన్ మా ఊరి లైబ్రరీ చూసుకునే ఆవిడ.

"ఎక్కడికి రావాలని చెప్తావు?" అన్నాను.

చిక్కుడుగింజ ఒకటి జారి కిందపడింది. వంగి తీసి గిన్నెలో వేసింది.

"నా దగ్గరికి," అంది.

లైబ్రరీలో కిటికీ పక్కనున్న కంప్యూటరు ముందు అత్త చేతిసంచీ ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. అక్కడున్నదంతా ఇంగ్లీషు. అత్తది ఎనిమిదో తరగతి చదువు. బడి ఆవరణలో ఫ్రెంచి మాట వినబడితే సాయంత్రం దాకా కూర్చోబెట్టి "ఇక మాట్లాడను" అని రాయించిన రోజుల్లో చదివింది. అందుకని ఇంగ్లీషు అక్షరం చూస్తే ఇప్పటికీ కాస్త వెనక్కి తగ్గి, తర్వాతే దగ్గరికి వెళ్తుంది. తెర మీద వేలు పెట్టి ఒక్కొక్క మాటా చదువుకుంటోంది. నేను ఉండబట్టలేక ఒక వాక్యం ఫ్రెంచిలో చెప్పబోయాను.

"ఉండు. నువ్వు చెప్తే నువ్వు చదివినట్టు అవుతుంది."

పాలీన్ వెనకనుంచి వంగి చూసింది. "ఇదిగో, ఇక్కడ నొక్కితే స్పానిష్‌లో వస్తుంది. ఫ్రెంచి మాత్రం పెట్టలేదు లుడివీన్."

"మనం ఇక్కడికొచ్చి రెండొందల ఏళ్లేగా అయింది. కొత్తవాళ్లం," అంది అత్త, తెర మీంచి కళ్లు తిప్పకుండా.

పాస్‌వర్డ్ పెట్టుకోమన్నప్పుడు మా ఇద్దర్నీ పుస్తకాల అలమర అవతలికి పొమ్మంది. ఒక్క వేలితో, పెదాలు కదుపుతూ, చాలాసేపు కొట్టింది. జపమాల తిప్పుతున్నట్టుందని పాలీన్ నా చెవిలో అంది.

తర్వాత సైటు ఫోన్ నంబరు అడిగింది. ఆ నంబరుకి ఫోన్ వస్తుందట, అందులో కొన్ని అంకెలు చెప్తారట, అవి ఇక్కడ కొట్టాలట. అత్తకి తెలిసిన నంబరు ఒక్కటే, మా వంటింటి గోడ మీద ఉన్న ఫోనుది. సరే, నేను ఇంటికి వెళ్లి ఫోను దగ్గర నిలబడతాను, అంకెలు రాసుకుని వెంటనే లైబ్రరీకి ఫోన్ చేసి చెప్తాను అని అనుకున్నాం. నాన్న ఆ వేళప్పుడు పొలం చివర ట్రాక్టరు మీద ఉంటాడు.

నేను వెళ్లేసరికి నాన్న వంటింట్లో ఉన్నాడు. ట్రాక్టరు బెల్టు తెగిందట. చేతులు తుడుచుకుంటూ ఫోను పక్కనే నిలబడ్డాడు. అది మోగింది. నేను చెయ్యి చాచేలోపల ఎత్తేశాడు.

కాసేపు విన్నాడు. మొహం ముడుచుకుంది. పెట్టేశాడు.

"ఎవరు నాన్నా?"

"ఎవతో. ఇంగ్లీషులో అంకెలు చదువుతోంది."

మళ్లీ మోగింది. ఈసారి ఆయన ఫోన్లోకి ఇంగ్లీషులోనే గట్టిగా చెప్పాడు, మళ్లీ చేస్తే షెరీఫుకి పట్టిస్తానని. నేను చేతిలో పెన్సిలుతో అలాగే నిలబడిపోయాను.

ఆ రాత్రి భోజనానికి కోడి పులుసూ, ప్లోయ్‌లూ. ప్లోయ్ అంటే మా వైపు పసుప్పచ్చటి అట్టు, ఒక పక్కే కాలుస్తాం. నాన్న తింటూ మధ్యాహ్నం జరిగింది చెప్పడం మొదలెట్టాడు.

"మనిషి కాదు. రికార్డు. ముసలివాళ్ల డబ్బు కాజేసే ముఠా ఏదో ఉంటుంది. షెరీఫుకి చెప్తానన్నాను."

"దానికేమంది?" అని అడిగింది అత్త.

"మళ్లీ అంకెలు చదివింది."

అత్త తన ప్లోయ్‌కి వెన్న రాసి, చుట్టి, పళ్లెంలో పెట్టుకుంది. "ఆ ముఠా నేనే, నార్మన్."

అప్పుడు అంతా చెప్పింది. లైబ్రరీ, ఖాతా, పింఛను, డెబ్భై నిండటం. నాన్న చెంచా కింద పెట్టి విన్నాడు. ఆయన చెడ్డవాడు కాడు. ఇంట్లో ఒక పని తనకి తెలియకుండా మొదలైందంటే, అది ఎక్కడ తన చేతిలోంచి జారిందా అని వెతుక్కునే మనిషి.

"నాకు చెప్తే నేనే చేయించేవాణ్ణి కదా."

"తెలుసు."

"సరే, మంచిదే. పెట్టు దరఖాస్తు. పొలం ఖాతా నంబరు ఇస్తాను." లేచి ఫోను పక్కనున్న క్యాలెండరు మేకు మీంచి తీసుకొచ్చాడు. దాని అంచుల నిండా పెన్సిలుతో రాసిన నంబర్లు. పశువుల డాక్టరుది, ఫాదరుది, ట్రాక్టరు సామాన్ల కొట్టుది, నా విడాకుల లాయరుది. దాన్ని అత్త ముందు పెట్టి, పెన్సిలు కూడా పెట్టాడు. "ఆ పాస్‌వర్డేదో ఇక్కడ రాసిపెట్టు. రేపు నీకేమైనా అయితే మాకు తెలియొద్దూ?"

అత్త పెన్సిలు వంక చూసింది.

"రాయను," అంది.

"మర్చిపోతే?"

"మర్చిపోతే నేనే మర్చిపోతాను."

నాన్న నా వైపు చూశాడు. నేను పులుసులో దుంపముక్క వెతుక్కుంటున్నాను.

"ఈ ఇంట్లో నీకేం తక్కువ చేశాం, లుడీ?"

"తక్కువ చేశారని నేననలేదు. ఇంకో ప్లోయ్ వెయ్యనా?"

ఆయన కాసేపు ఆలోచించాడు. "వెయ్యి," అన్నాడు.

మర్నాడు అత్త నాతో బజారుకొచ్చి సెల్‌ఫోను కొనుక్కుంది. అన్నిటికంటే చిన్నది. మా ఊళ్లో సెల్‌ఫోన్లకి దేశభక్తి తక్కువ. నది అవతలి టవరు దగ్గర కావడంతో మాటిమాటికీ కెనడాలోకి వెళ్లిపోతాయి, అక్కడి టైము ప్రకారం గడియారం కూడా గంట ముందుకి దూకుతుంది. అత్త కొన్న చవక ఫోనుకి ఆ దేశం గాలి పడదు. ఇంట్లోనూ లైబ్రరీలోనూ అది ఉట్టి డబ్బాలా ఉండిపోయింది. చివరికి చర్చి వెనక కొండ మీద, మా పొరుగు మిషో వాళ్ల ఆవులు మేసే చోటికి ట్రక్కు ఎక్కించాం. అత్త కిటికీలోంచి చెయ్యి చాపి ఫోనుని పైకెత్తి పట్టుకుంది. ల్యాప్‌టాప్ నా ఫోన్లోని ఇంటర్నెట్‌తో నడుస్తోంది. ఒక ఆవు వచ్చి ట్రక్కు అద్దాన్ని వాసన చూడడం మొదలెట్టింది.

ఫోను ఒక్కసారి గురగురలాడింది.

"వచ్చింది. నువ్వు చూడకు," అంది అత్త. ఆ అంకెలు నేను చూస్తే మాత్రం ఏమవుతుంది అని అనలేదు. ఆవు మొహంలోకి చూస్తూ కూర్చున్నాను.

అంకెలు సరిపోయాయి. డ్రైవింగ్ లైసెన్సు ఫొటో తీసి పంపమంది సైటు, పంపాం. అప్పుడు ఆగింది. వివరాలు సరిపోలడం లేదంది. మళ్లీ చేశాం. మళ్లీ అదే మాట.

"నేనెవరో దానికి తెలియడం లేదా?"

"లైసెన్సులో పేరుకీ వాళ్ల దగ్గరున్న పేరుకీ ఏదో తేడా ఉండాలి అత్తా."

అత్త కాసేపు కొండ కింద నది వైపు చూసింది. తర్వాత నెమ్మదిగా నవ్వడం మొదలెట్టింది. మా వైపు ప్రతి ఆడపిల్లకీ బాప్తిస్మంలో ముందు 'మరీ', అంటే మేరీ, అని పెట్టి, తర్వాత అసలు పేరు పెడతారు. మొదటి పేరుతో ఎవరూ పిలవరు. ఫ్యాక్టరీలో చేరిన రోజున కార్డు రాసే గుమాస్తాకి లుడివీన్ అనడానికి నోరు తిరగలేదు. మేరీ డేగుల్ అని రాసేసుకున్నాడు.

"నువ్వు కాదనలేదా?"

"పదహారేళ్ల పిల్లని. ఇంగ్లీషు సరిగా రాదు. పని దొరికింది చాల్లే, పేరుదేముంది అనుకున్నాను." ఫోను మడిచి సంచీలో పెట్టుకుంది. "ఇన్నాళ్లూ దుంపలు ఏరింది ఆ మేరీయేనన్నమాట. పాపం, నడుం నొప్పి మాత్రం నాకొచ్చింది."

పేరు దిద్దించుకోవాలంటే మనిషి వెళ్లాలి. కారులో గంటన్నర దక్షిణంగా ఉన్న పింఛను ఆఫీసుకి వెళ్లాం. అత్త చర్చికి వేసుకునే కోటు వేసుకుంది. దారి పొడవునా పొలాల్లో దుంపమొక్కలు ఎండి గోధుమరంగుకి తిరిగాయి. ఇంకో రెండు వారాల్లో తవ్వకాలు.

కౌంటరు వెనక ఉన్న అబ్బాయి మర్యాదస్తుడు. కాయితాలు చూసి, నన్ను చూసి, "ఆవిడ వ్యవహారాలు మీరు చూస్తుంటారా?" అని అడిగాడు.

నేను నోరు తెరిచేలోపలే అత్త ఇంగ్లీషులో జవాబిచ్చింది. ప్రతి మాటనీ విడివిడిగా, తూకం వేసినట్టు. "నా వ్యవహారాలు నేనే చూసుకుంటాను. ఈ అమ్మాయి కారు నడుపుతుంది."

అతను క్షమించమన్నాడు. జనన పత్రం, లైసెన్సు చూసుకుని పేరు దిద్దాడు. దిద్దాక తెర మా వైపు తిప్పాడు. అక్కడ లుడివీన్ అని ఉంది. అత్త దగ్గరికి వంగి అక్షరం అక్షరం సరిచూసుకుంది.

"ఎలాగూ ఇంత దూరం వచ్చారు. పింఛను దరఖాస్తు కూడా ఇక్కడే పెట్టించేస్తాను. కాసేపట్లో అయిపోతుంది," అన్నాడు.

నేను హమ్మయ్య అనుకున్నాను.

"వద్దు బాబూ. చాలా థాంక్స్. ఇంటికి వెళ్లి నేను చేసుకుంటాను," అంది అత్త.

తిరిగొస్తుంటే కళ్లు రోడ్డు మీదే పెట్టి కారు నడిపాను. కాస్త కోపంగానే ఉంది. ఆవిడే మొదలెట్టింది.

"వంటింటి వెనక గదిలో నేనెప్పటినుంచి పడుకుంటున్నానో గుర్తుందా నీకు?"

"నాకు తెలిసినప్పటినుంచీ అక్కడే."

"అమ్మకి పక్షవాతం వచ్చినప్పుడు, రాత్రి పిలిస్తే వినపడాలని కిందికి దిగాను. అమ్మ ఆ గదిలో పోయింది. తర్వాత నాన్న. తర్వాత మీ అమ్మ. వాళ్లకి మంచం, నాకు పక్కన మడత మంచం. వాళ్లయిపోయాక మంచం నాకొచ్చింది." కోటు గుండీ ఒకటి పెట్టుకుంది. "పొద్దున్న లేస్తే గోడలు నా వైపు చూస్తుంటాయి కొలెట్. ఇక నీ వంతే అన్నట్టు. నేనింకా బాగానే ఉన్నాను. మోకాళ్లు తప్ప."

"మరి ఎక్కడికి?"

"నది దగ్గర, ఇనుప సామాన్ల కొట్టు వెనక ఆ ఇటుకల అపార్ట్‌మెంట్లు లేవూ, పెద్దవాళ్లకి అద్దెకిస్తారు. రెండో అంతస్తులో ఒకటి ఖాళీ అవుతోంది. నెలనెలా నాకు రాబడి ఉందని చూపిస్తే ఇస్తారు. నా రాబడి. వెనకాల అన్న ఉన్నాడని కాదు. అందుకే ఆ దరఖాస్తు కూడా నా చేత్తోనే పెట్టుకోవాలి."

నా కోపం ఎటు పోయిందో తెలియలేదు. ఆమె పక్కన కూర్చుని కారు నడుపుతున్నందుకు నాకే గొప్పగా అనిపించింది.

తవ్వకాలు మొదలయ్యాయి. బడి మూసేశారు. తెల్లవారకముందే దుంపలు తవ్వే యంత్రం పొలంలో దిగేది. దాని మీద ఇటో వరస, అటో వరస నిలబడి రాళ్లూ మట్టిబెడ్డలూ ఏరిపారేసేవాళ్లం. అత్త పొయ్యి దగ్గర. మధ్యాహ్నానికి అందరికీ భోజనం ట్రక్కులో పొలానికి పట్టుకొచ్చేది. ఆ రోజుల్లో ఖాతా మాట ఎవరూ ఎత్తలేదు. ఎత్తడానికి ఓపికెక్కడిది.

రెండో వారంలో ఒకరోజు పొద్దున్నే వాన పట్టుకుంది. తడిసిన దుంపలు గోదాములో పెడితే కుళ్లుతాయి కాబట్టి పని ఆపేశారు. కూలీలు వెళ్లిపోయారు. అత్త వంటింటి బల్ల తుడిచి, పొడిగుడ్డతో ఇంకోసారి తుడిచింది.

"నీ కంప్యూటరు యంత్రం పట్టుకురా," అంది.

"ఇక్కడా?"

"ఇక్కడ వెలుతురు బాగుంది."

అప్పటికి నేను ఫోన్ల కంపెనీతో పోట్లాడి ఇంట్లోనే ఆ ఫోను పలికేలా చేయించాను. అత్త కళ్లజోడు పెట్టుకుంది, పాస్‌వర్డ్ కొట్టింది, అంకెలు తెప్పించుకుంది. తెర మీద తన పేరు పెట్టి పలకరించింది సైటు. లోపలికి వెళ్లింది. ఎవరి సాయమూ లేకుండా.

అప్పుడే నాన్న పెరటి తలుపు తోసుకుని వచ్చాడు. తడిసిన బూట్లు విప్పాడు. మమ్మల్ని చూసి వెనక్కి వెళ్లబోయాడు.

"కూర్చో. నువ్వేమీ అడ్డం కాదు," అంది అత్త.

ఎదురుగా కూర్చున్నాడు. కాసేపటికి కుర్చీ జరుపుకున్నాడు. ఇంకాసేపటికి లేచొచ్చి అత్త భుజం వెనక నిలబడ్డాడు. తెర మీద ఏడాది వారీగా అత్త జీతాలున్నాయి. మొదటి వరుస పిండి ఫ్యాక్టరీది.

"ఈ జీతంతోనే నాన్న నాకు చలికాలం బూట్లు కొన్నాడు," అన్నాడు నాన్న.

"నాకు గుర్తుంది. నీకు పెద్దవయ్యాయి. గుడ్డలు కుక్కుకుని తొడుక్కున్నావు."

ఆయన నవ్వాడు. వేలితో కిందికి చూసుకుంటూ వెళ్లాడు. వేలు ఒకచోట ఆగింది.

"ఈ సున్నాలేంటి? నువ్వు గోదాములో ఉన్నావు కదా. తప్పు రాశారు వీళ్లు. ఫోన్ చేసి అడుగు."

"తప్పు కాదు. అవి అమ్మ మంచాన పడిన ఏళ్లు. పనికి వెళ్లలేదుగా."

"మళ్లీ ఇక్కడ?"

"నాన్నవి."

వాన కిటికీ మీద సన్నగా పడుతోంది. నాన్న వేలు ఇంకాస్త కిందికి దిగింది. అక్కడా కొన్ని సున్నాలున్నాయి. అవి ఎవరివో నాకు తెలుసు. ఆ ఏళ్లలో నేను బడి నుంచి వచ్చేసరికి వంటింటి వెనక గది తలుపు దగ్గరగా వేసి ఉండేది. అత్త బయటికొచ్చి, నా జడ విప్పి మళ్లీ అల్లుతూ, ఇవాళ అమ్మ కాస్త జావ తాగిందని చెప్పేది. నాన్న అడగలేదు. అత్త చెప్పలేదు. ఆ వేలు మాత్రం అక్కడ కొంచెంసేపు ఉండి వెనక్కి వెళ్లింది.

అత్త దరఖాస్తు తెరిచింది. పెళ్లయిందా అని సైటు అడిగింది, అత్త లేదని కొట్టింది. ఎప్పటినుంచి కావాలని అడిగింది, పుట్టినరోజు ఉన్న నెల కొట్టింది. డబ్బు ఏ బ్యాంకుకి రావాలని అడిగింది. అత్త ఏప్రన్ జేబులోంచి చిన్న అట్ట తీసింది. ఊళ్లో ఉన్న సహకార బ్యాంకుది. ఎప్పుడు వెళ్లి తెరిచిందో నాకూ తెలియదు. దాని మీద అక్షరాలు మరీ సన్నవి. కళ్లజోడు పైకీ కిందికీ జరుపుకుంది. నేను అందుకోబోయాను.

నాన్న ముందు అందుకున్నాడు. కిటికీ దగ్గరికి వెళ్లి, వెలుతురుకి ఎత్తి పట్టుకున్నాడు.

"నేను చదువుతాను. నువ్వు కొట్టు," అన్నాడు.

చదివాడు. ఒక్కొక్క అంకె చదివి, అత్త వేలు మీట మీద పడేదాకా ఆగి, తర్వాతది చదివాడు. అది ఆయన ఖాతా కాదు, పొలం ఖాతా కాదు. సరిచూసుకోవడానికి రెండోసారి కొట్టమంది సైటు. ఆయన మళ్లీ మొదటినుంచి చదివాడు.

"ఆ ఫోనులో ఆవిడ కంటే నీ గొంతే నయం," అంది అత్త.

"ఆవిడకి ఫ్రెంచి రాదు కదా," అన్నాడు నాన్న.

అత్త చివరి మీట నొక్కింది. తెర మీద వచ్చిన నాలుగు వాక్యాలూ వేలు పెట్టి చదువుకుంది. దరఖాస్తు అందిందని ఉంది.

"అయిపోయిందా?" అన్నాడు నాన్న.

"అయింది."

"అంతేనా?"

"అంతే." కళ్లజోడు తీసి మడిచింది. "మధ్యాహ్నానికి ఏం చెయ్యమంటావు?"

తవ్వకాలు ముగిసేసరికి పింఛను ఖాయమైనట్టు అత్త ఖాతాలో కనబడింది. ఉత్తరం ఇంటికి రాకముందే అత్త చూసుకుంది. పింఛను వస్తుందని రుజువుగా చూపించే పత్రం ఆ సైటులోనే ఉంటుందని కూడా తనే కనుక్కుంది. లైబ్రరీకి వెళ్లి అచ్చు తీసుకుని, మడత పడకుండా ఒక పత్రికలో పెట్టుకుని, ఇటుకల అపార్ట్‌మెంటు చూసే ఆవిడ దగ్గరికి నడిచి వెళ్లింది. ఇలాంటివి ఎప్పుడూ పిల్లలే పట్టుకొస్తారు అని ఆవిడ అందట. "నాకు పిల్లలు లేరు. చేతులున్నాయి," అని వచ్చింది మా అత్త.

ఆఖరి ట్రక్కు గోదాముకి చేరిన సాయంత్రం, భోజనాల దగ్గర, వచ్చే నెల వెళ్తున్నానని చెప్పింది.

నాన్న రొట్టె తుంచుతున్నవాడు ఆగాడు. "అక్కడ ఇంతకంటే బాగుంటుందా?"

"కిటికీలోంచి నది కనిపిస్తుంది."

"ఇక్కడినుంచి కనబడదా?"

"నా గదిలోంచి కనబడదు నార్మన్."

ఆయన లేచి వెళ్లాడు. వంటింటి వెనక గది తలుపు తెరిచి, గుమ్మంలో నిలబడి, లోపలికి చూసి వచ్చాడు. వచ్చి కూర్చుని రొట్టె తిన్నాడు. "సామాను నేను దింపుతాను. అద్దె బండి పిలవకు," అన్నాడు.

ఆయనే దింపాడు. కుట్టు మిషను, రెండు పెట్టెలు, అట్ల పెనం. పాత మంచం మాత్రం అత్త వద్దంది. ఆ మధ్యాహ్నం నాన్న దాన్ని విప్పి ముక్కలు షెడ్డులో పెట్టాడు. మర్నాటి నుంచి ఇంట్లో వంట నాన్నా నేనూ వంతులేసుకున్నాం. మొదటి ప్లోయ్ ఆయన రెండు పక్కలా కాల్చాడు. అలా చేయకూడదని చెప్తే, తనకి అలాగే ఇష్టమన్నాడు.

నవంబరులో ఒక ఆదివారం చర్చి మెట్ల మీద మిషో వచ్చి నాన్నని ఆపాడు. "చెల్లెల్ని బయటికి పంపించేశావట?"

నేను నాన్న పక్కనే ఉన్నాను. ఆయన మొహం ఎర్రబడుతుందనుకున్నాను. టోపీ సర్దుకున్నాడు.

"నేను పంపించడమేంటి? తనే వెళ్లింది, సొంత పింఛను మీద," అన్నాడు. మిషో అటు తిరిగేలోపల చెయ్యి పట్టుకుని ఆపి, "దరఖాస్తు కంప్యూటర్లో తనే పెట్టుకుంది. మొత్తం ఇంగ్లీషులో. మా ఇంటి బల్ల మీదే. నేను చూశాను," అని చెప్పాడు.

ఆ వారమే అత్త మమ్మల్ని భోజనానికి పిలిచింది. మొదటి మంచు పడింది. ట్రక్కు కింద ఆపి, మెట్లెక్కి రెండో అంతస్తుకి వెళ్లాం. వసారాలో ఉల్లిపాయలు వేగుతున్న వాసన. మా వైపు చుట్టాల ఇంటికి వెళ్తే తలుపు తట్టే అలవాటు లేదు. తోసుకుని లోపలికి వెళ్లి, బూట్లు విప్పుతూ, ఎవరున్నారని కేకేస్తాం. నాన్న చెయ్యి అలాగే తలుపు పిడి మీదికి వెళ్లింది. అక్కడ ఆగింది. తలుపు మీద చిన్న రేకు మీద అత్త పేరుంది, పూర్తిగా, తప్పు లేకుండా. ఆయన చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. టోపీ తీసి చంకలో పెట్టుకున్నాడు. వేళ్లతో మెల్లగా తట్టాడు.

"ఎవరు?" అంది అత్త లోపల్నుంచి. మేమే అని ఆవిడకి తెలుసు. ట్రక్కు ఆగడం కిటికీలోంచి చూసే ఉంటుంది.

నాన్న నా వైపు చూశాడు. గొంతు సవరించుకున్నాడు.

"నార్మన్‌ని," అన్నాడు. అది చాలదనిపించిందేమో, "నార్మన్ డేగుల్. లోపలికి రావచ్చా?" అన్నాడు.

"ఉండు, వస్తున్నాను," అంది అత్త.

ఏమీ తొందరపడలేదు. పొయ్యి మంట తగ్గించిన చప్పుడు, చేతులు కడుక్కున్న చప్పుడు, తర్వాత చెప్పుల చప్పుడు. మేమిద్దరం బయట నిలబడి వింటున్నాం.